దుబాయ్ షేక్‌తో చంద్రపూర్‌కు

చంద్రపూర్ వెళ్ళొచ్చానని చెబితే అందరూ పులి కనిపించిందా అని అడుగుతున్నారు. కనిపించలేదు. అడవి వైపే వెళ్ళలేదు. ఉన్న రెండు రోజులూ ఊళ్ళోనే తిరిగాను, అందులో ఒక మధ్యాహ్నమంతా బాబుపేటలో ఒక తాపీమేస్త్రీ ఇంటి అరుగు మీద గడిచింది. ఆ అరుగు గురించి రాయాలనే ఇదంతా.

ముందు నాతో వచ్చిన మనిషిని పరిచయం చెయ్యాలి. పేరు ఫారిస్. ఇరవై ఆరేళ్ళవాడు. లెబనాన్‌లో పాలస్తీనా శరణార్థుల శిబిరంలో పుట్టాడు. వాళ్ళ నాన్న పుట్టింది కూడా అక్కడే. సొంత ఊళ్ళో పుట్టింది ఆ ఇంట్లో ఒక్క నాయనమ్మే. ఐదేళ్ళ కిందట కామర్స్ చదవడానికి హైదరాబాద్ వచ్చాడు. చదువు ఏదోలా పూర్తి చేశాడు గానీ, అసలు పని వేరే పట్టుకున్నాడు. ఒక్కడే మైకు ముందు నిలబడి, హైదరాబాదీ ఉర్దూలో జనాన్ని నవ్విస్తాడు. సినిమాల్లో చిన్న వేషాలు కూడా వేస్తాడు.

"ఆరు సినిమాలు చేశానండి మేడం గారూ. నాలుగింటిలో బాంబు పెట్టాను. ఒకదానిలో ఒంటె ఎక్కాను. ఒకదానిలో ఒంటె మీంచి పడ్డాను" అంటాడు.

ఆ 'అండి' నా పాపమే. నేను ప్రభుత్వ కార్యాలయంలో అనువాదాలు చేస్తాను. సాయంత్రాలు విదేశీ విద్యార్థులకు తెలుగు చెబుతాను. మాది తెనాలి దగ్గర పల్లె. హైదరాబాద్‌లో ఇరవై ఎనిమిదేళ్ళుగా ఉంటున్నా నా మాట మారలేదు. కాబట్టి ఫారిస్ తెలుగు కూడా తెనాలి తెలుగే. తెల్లటి కుర్రాడు, చిన్న గడ్డం, నోరు తెరిస్తే కృష్ణా కాలవ పక్కన పెరిగినట్టుంటుంది.

రాష్ట్రం విడిపోయిన మొదటి చలికాలం అది. చంద్రపూర్‌లో బట్టల వ్యాపారం చేసే నాగభూషణం సేఠ్ అనే పెద్దమనిషి ఫారిస్ వీడియో ఒకటి చూసి, అక్కడి తెలుగువాళ్ళ కోసం రెండు సాయంత్రాలు ప్రదర్శన ఇవ్వమన్నాడు. తెలుగులోనే ఉండాలన్నాడు. తప్పులు దిద్దడానికి తోడు రమ్మని ఫారిస్ నన్ను బతిమాలాడు. ఆఫీసులో ఎలాగూ పని సాగడం లేదు. ఎవరు ఏ రాష్ట్రానికి పోతారో తేలక ఫైళ్ళన్నీ కట్టలు కట్టి కూర్చున్నాం. సెలవు పెట్టి బయలుదేరాను.

బల్లార్షా దాటాక

బండి వార్ధా నది దాటేసరికి పెట్టెలో తెలుగు తగ్గి మరాఠీ పెరుగుతుందని అనుకున్నాను. అలా జరగలేదు. రెండూ ఒకే వాక్యంలో వినపడటం మొదలైంది. పక్క సీటావిడ ఫోన్లో "లవ్కర్ రా, జేవణ్ చల్లగైతుంది" అంటోంది. త్వరగా రా, భోజనం చల్లారిపోతోంది అని. ఫారిస్ ఆ వాక్యాన్ని మూడుసార్లు నోట్లో తిప్పుకున్నాడు.

స్టేషన్ బయట సేఠ్ స్కూటర్ మీద ఎదురొచ్చాడు. అరవై దగ్గరి వయసు, నుదుట కుంకుమ, మెడలో మఫ్లర్. ఆయన తాత జగిత్యాల నుంచి బట్టల మూట నెత్తిన పెట్టుకుని వచ్చాడట. ఇప్పుడు పాత కోట గోడ పక్కన రెండంతస్తుల దుకాణం. మనిషిలో ఆడంబరం లేదు. మమ్మల్ని ముందు పోహా బండి దగ్గరికి తీసుకెళ్ళాడు. మన అటుకుల ఉప్మా లాంటిదే, కానీ దాని మీద ఎర్రటి శనగల పులుసు గరిటెడు పోస్తారు. తర్రీ అంటారు. ప్లేటు పదిహేను రూపాయలు. కారం మా గుంటూరుతో పోటీ పడేది. ఫారిస్ కళ్ళ నీళ్ళు తుడుచుకుంటూ రెండో ప్లేటు తిన్నాడు.

అక్కడే గోడ మీద పోస్టరు చూశాం. పెద్ద తలపాగాతో ఫారిస్ బొమ్మ. కింద మరాఠీ అక్షరాల్లో ఏదో ఉంది. కూడబలుక్కుని చదివితే అవి తెలుగు మాటలే: 'దుబాయ్ షేక్ వస్తుండు, నవ్వి నవ్వి సస్తరు'.

"ఇక్కడోల్లు తెలుగు మాట్లాడ్తరు గని చదవరాదు మేడం. పిల్లలంత మరాఠీ శాలల చదివిండ్రు. అందుకే గిట్ల ఏపిచ్చిన" అన్నాడు సేఠ్.

"నేను దుబాయ్ ఎప్పుడూ వెళ్ళలేదండి" అన్నాడు ఫారిస్ మెల్లగా.

"ఎవల్కి తెలుస్తది బాబూ. షేక్ డ్రెస్సు తెచ్చినవా లేదా?"

తెచ్చాడు. ఎక్కడికి వెళ్ళినా ఆ తెల్ల అంగీ, తలపాగా మీద బిగించే నల్ల తాడు పెట్టెలోనే ఉంటాయి. అడగని చోటంటూ లేదు.

దేశం అనే గడి

బస చెయ్యాల్సిన లాడ్జిలో మొదటి చిక్కు వచ్చింది. గుమస్తా కుర్చీలోంచి లేచి మరీ నీళ్ళిచ్చాడు, మంచివాడే. విదేశీయుల వివరాలు కంప్యూటర్‌లో ఎక్కించాలన్నాడు. ఫారిస్ తన పుస్తకం ఇచ్చాడు. అది పాస్‌పోర్టు కాదు, శరణార్థులకు ఇచ్చే ప్రయాణ పత్రం. గుమస్తా అటు తిప్పి ఇటు తిప్పి చూశాడు.

"లెబనాన్ అని రాస్తా?"

"రాయకూడదండి. అక్కడ పుట్టాను, అక్కడి పౌరుణ్ణి కాను."

"మరి పాలస్తీన్?"

"రాయండి. కానీ నేను ఎప్పుడూ చూడలేదు."

గుమస్తా యజమానికి ఫోన్ చేశాడు. యజమాని ఇంకెవరికో చేశాడు. చివరికి గుమస్తా చేతులు జోడించి గది లేదన్నాడు. ఫారిస్‌కు కోపం రాలేదు. నాకే వచ్చింది. వాడు మాత్రం "ఫర్వాలేదండి, నేను ఏ ఫారంలోనూ పట్టను" అని పెట్టె ఎత్తుకున్నాడు. ఈ మాట స్టేజీ మీద చాలాసార్లు అని ఉంటాడు. అంత నునుపుగా వచ్చింది.

నా సంచిలో కూడా ఒక ఫారం ఉంది. ఆంధ్రానా, తెలంగాణానా, ఏ ప్రభుత్వంలో పనిచేస్తావో రాసిమ్మని ఆఫీసులో అందరికీ పంచిన కాగితం. సొంత జిల్లా అని ఒక గడి, కోరుకునే రాష్ట్రం అని ఒక గడి. నెల రోజులుగా మోసుకు తిరుగుతున్నాను. దాని మాట ఫారిస్‌తో అనలేదు. వాడి పుస్తకం ముందు నా కాగితం గురించి చెప్పడం సిగ్గుగా అనిపించింది.

సేఠ్ అప్పుడు చేసిన పని మర్చిపోలేను. స్కూటర్ తీసి ఫారిస్‌ను వెనక కూర్చోబెట్టుకుని పోలీసు ఠాణాకు వెళ్ళాడు. ఆటోలో వెనకే నేను. అక్కడ జమాదారు పుస్తకంలో ఉన్నది ఉన్నట్టు అక్షరం అక్షరం కాగితం మీదకి ఎక్కించుకుని, ఎవరింట్లో ఉంటాడని అడిగాడు. "మా ఇంట్ల. మాఝా పాహుణా" అన్నాడు సేఠ్. నా అతిథి అని. గంటలో పని అయిపోయింది. దుకాణం మీది అంతస్తులో చీరల బేళ్ళ మధ్య ఫారిస్‌కు పరుపు వేశారు. నాకు సేఠ్ వాళ్ళ కోడలి గది ఇచ్చారు.

మంగళ కార్యాలయ్‌లో షేక్

పెళ్ళిళ్ళు చేసే హాలును అక్కడ మంగళ కార్యాలయ్ అంటారు. ఆ సాయంత్రం నిండిపోయింది. వ్యాపారుల కుటుంబాలు ముందు వరసల్లో, బొగ్గు గనుల్లో పనిచేసేవాళ్ళు వెనక. ఫారిస్ తెల్ల అంగీ, తలపాగాతో వచ్చి అరబ్బీలో గడగడా నాలుగు మాటలు మాట్లాడి, "ఏమండీ బాగున్నారా" అనగానే హాలు ఊగిపోయింది. పెట్రోలు బావి అమ్మి బట్టల దుకాణం పెడతానన్నాడు. ఒంటెకు పోహా పెడితే ఎడారి దాటి పారిపోయిందన్నాడు. ముప్పావు గంట జనం చప్పట్లు ఆపలేదు. సేఠ్ ముఖం వెలిగిపోయింది.

నేను పక్క తెర వెనక నుంచి చూస్తున్నాను. లోపలికి రాగానే ఫారిస్ తలపాగా తీసి కుర్చీ మీద పెట్టి, చెమట తుడుచుకోకుండా కూర్చున్నాడు.

"ఎలా ఉందండి?"

"అందరూ నవ్వారు కదా" అన్నాను.

"షేక్‌ను చూసి నవ్వారు. నన్ను ఇంకా చూడలేదు."

మార్చిలో వాడి వీసా అయిపోతుంది. మళ్ళీ ఇస్తారో ఇవ్వరో తెలియదు. నాయనమ్మ మీద ఒక ప్రదర్శన రాసుకున్నాడు. ఏడాదిగా నాకు వినిపిస్తూనే ఉన్నాడు, ఒక్కసారి కూడా స్టేజీ మీద చెయ్యలేదు. వెళ్ళిపోయేలోగా ఎక్కడో ఒక చోట చెయ్యాలని వాడి కోరిక. ఎవరూ నవ్వకపోతే నాయనమ్మకు అవమానం చేసినట్టవుతుందని భయం.

బిద్ది అన్న మాట

మర్నాడు పొద్దున సేఠ్ దుకాణం షట్టరు తీసేసరికి మెట్ల మీద ఒక మనిషి కూర్చుని ఉన్నాడు. అరవై పైన వయసు, పొట్టి, గట్టి భుజాలు, సిమెంటు తిని గరుకెక్కిన చేతులు. పేరు రాజన్న. బాబుపేటలో ఉంటాడు, తాపీ పని. నిన్న వెనక వరసలో కూర్చుని చూశాడట.

"షేక్‌ను ఒకసారి కలువాలె" అన్నాడు.

ఫారిస్ పళ్ళు తోముకుంటూ కిందికి వచ్చాడు. రాజన్న వాణ్ణి పైనుంచి కిందిదాకా చూశాడు.

"నువ్వు దుబాయోనివి గాదు."

ఫారిస్ బ్రష్ నోట్లోంచి తీశాడు. "ఎందుకండి?"

"నిన్న నీళ్ళు కావాల్నని అరబ్బీల అడిగినవ్. బిద్ది అన్నవ్. గల్ఫుల బిద్ది అనరు బిడ్డా, అబి అంటరు. బిద్ది అనేటోల్లు వేరు."

తర్వాత ఆయన అరబ్బీలో ఒక మాట అన్నాడు. "చీఫక్ యా జలమె?" ఎలా ఉన్నావు మనిషీ అని. నాకు అప్పటికి అది ఉత్త శబ్దం. కానీ ఫారిస్ ముఖం చూశాను. మెట్టు మీద అలాగే కూర్చుండిపోయాడు. నోటి చుట్టూ పేస్టు నురగ, అది తుడుచుకోవాలని కూడా తోచలేదు.

తర్వాత వాడు నాకు వివరించాడు. పట్నం వాళ్ళయితే 'కీఫక్' అంటారట. 'క'ను 'చ' చేసి పలికేది వాళ్ళ పల్లెల వైపు రైతులు. శిబిరంలో కూడా ఇప్పుడు ముసలివాళ్ళు మాత్రమే అలా అంటారు. చదువుకున్న పిల్లలు వెక్కిరిస్తారని వాడి నాన్న కూడా మార్చుకున్నాడు. ఐదేళ్ళుగా ఆ యాసను వాడు ఫోన్లో నాయనమ్మ నోట తప్ప ఎవరి నోటా వినలేదు.

"ఇది మా సిత్తి మాటండి" అన్నాడు. సిత్తి అంటే నాయనమ్మ. "ఈయన మా సిత్తి లాగా మాట్లాడుతున్నాడండి."

బాబుపేటలో అరుగు

రాజన్న మమ్మల్ని తనింటికి భోజనానికి పిలిచాడు. బాబుపేటకు రైలు గేటు దాటి వెళ్ళాలి. గేటు పడితే ఇక అంతే. బొగ్గు బండి వెళ్ళిందంటే వెనకే ఇంకోటి. మేం వెళ్ళినప్పుడు ఇరవై నిమిషాలు పడింది. ఆ ఇరవై నిమిషాలూ వాళ్ళిద్దరూ అరబ్బీలో మాట్లాడుకుంటూనే ఉన్నారు. ఆటో డ్రైవరు అద్దంలోంచి వాళ్ళను చూస్తూ నోరు తెరిచాడు.

ఇల్లు రెండు గదులు, ముందు సిమెంటు అరుగు. రాజన్న భార్య లచ్చవ్వ జొన్న రొట్టెలు, వంకాయ కూర, పచ్చిపులుసు చేసి అరుగు మీదే వడ్డించింది. నేను పచ్చిపులుసును మా వైపు చారు పోసుకున్నట్టు అన్నంలో పోసుకుంటే నవ్వి, రొట్టె ముంచుకు తినమంది. ఫారిస్ "చాలా రుచిగా ఉందండి, ఇంకొంచెం వడ్డించండి" అనగానే ఆవిడ గరిటె అలాగే పట్టుకుని ఆగిపోయింది.

"ఈ పిల్లగాడు అచ్చం ఆంధ్రోల్ల లెక్క మాట్లాడుతుండు గదా."

"ఈ మేడం దగ్గర నేర్చిండు. నేనేమో అబూ ఖలీల్ దగ్గర నేర్చిన. ఎవల దగ్గర నేర్చుకుంటే గా మనిషి మాటనే వస్తది" అన్నాడు రాజన్న.

అబూ ఖలీల్ కథ అప్పుడు చెప్పాడు. రాజన్నది సిరిసిల్ల వైపు ఊరు. ఇరవై ఏడేళ్ళప్పుడు పొలం అమ్మి కువైట్ పోయాడు. మేస్త్రీల మీద ఫోర్‌మన్ అబూ ఖలీల్, పాలస్తీనావాడు. ఇటుకను చూపించి ఇటుక అనేవాడు, నీళ్ళను చూపించి నీళ్ళు అనేవాడు. తొమ్మిదేళ్ళు పక్కపక్కన కూర్చుని తిన్నారు. రొట్టె, నూనె, ఏదో పచ్చాకు పొడి. "మొదలు నాకు గడ్డి తిన్నట్టు ఉండె. తర్వాత అది లేకపోతే బుక్క దిగకపోయేది" అన్నాడు.

"మరి ఎందుకొచ్చేశారు?" అని అడిగాను.

"యుద్ధమొచ్చె గద మేడం. జీతం లేదు, తిండి లేదు. మమ్ముల్ని బస్సుల్ల తోలుతమన్నరు. అబూ ఖలీల్ తన బండిల మమ్ముల్ని పదకొండు మందిని బస్సుల కాడికి తెచ్చి దించిండు. ఒక సంచి నిండ రొట్టెలిచ్చిండు. ఇంకో పది దినాలల్ల మల్ల పని షురువైతది, జల్ది రా అన్నడు."

తర్వాత అమ్మాన్ దగ్గర ఎడారిలో గుడారాలు, విమానం, బొంబాయి. ఊరికి పోవడానికి ముఖం చెల్లలేదు. పొలం లేదు, చేతిలో ఏమీ లేదు. బొగ్గు గనిలో పనిచేసే అన్న ఇక్కడ ఉంటే ఇక్కడికి వచ్చి చేరాడు. కొన్నేళ్ళకు ఎవరో చెప్పారు, యుద్ధం అయ్యాక కువైట్‌లో ఉన్న పాలస్తీనా వాళ్ళను కూడా చాలామందిని పంపించేశారని.

"మాకు పోనీకి ఒక ఊరుండె. ఆయన ఏడికి పోయిండో ఎవల్ని అడగాలె? చంద్రపూర్ల నాకు ఎవలు చెప్తరు?" అన్నాడు రాజన్న. నిన్న స్టేజీ మీద ఆ ఒక్క మాట వినపడగానే లేచి నిలబడ్డాడట. వెనకవాళ్ళు కూర్చోమని అరిచారట.

ఫారిస్‌కు అబూ ఖలీల్ తెలియదు. ఎలా తెలుస్తాడు. ఆ పేరుతో వాళ్ళ శిబిరంలోనే పది మంది ఉంటారన్నాడు. పెద్ద కొడుకు పేరు ఖలీల్ అయితే చాలు, తండ్రి అబూ ఖలీలే. ఆ మాట చెప్పడానికి వాడు చాలా ఇబ్బంది పడ్డాడు. రాజన్న తల ఊపి, ఇంకో రొట్టె వాడి పళ్ళెంలో వేశాడు.

ఏ బేత్?

భోజనాలయ్యాక ఫారిస్ ఫోన్ తీశాడు. నెట్ సరిగా అందక డాబా ఎక్కాం. దూరంగా కరెంటు కేంద్రం పొగ గొట్టాలు, లచ్చవ్వ ఎండబెట్టిన మిరపకాయలు. నాలుగోసారికి నాయనమ్మ దొరికింది. ఫారిస్ ఏదో చెప్పి ఫోన్ రాజన్నకు ఇచ్చాడు.

రాజన్న ఫోన్‌ను రెండు చేతులతో పట్టుకుని వంగి నమస్కారం చేసినట్టే మాట్లాడాడు. అటునుంచి ముసలి గొంతు గట్టిగా వినపడింది. ఫారిస్ పక్కనుంచి నాకు తెలుగులో చెబుతూ వచ్చాడు.

"ఏ ఊరు నాయనా నీది అని అడుగుతోందండి."

రాజన్న బాబుపేట అన్నాడు. అరబ్బీలో 'ప' లేదు, ఆయన అక్కడివాళ్ళు పలికినట్టే 'బాబుబేట్' అన్నాడు. వాళ్ళ దేశంలో సగం ఊళ్ళ పేర్లలో బేత్ అని ఉంటుందట, ఇల్లు అని అర్థం.

"ఏ బేత్ అని అడుగుతోందండి. కొండ మీదిదా, కొండ కిందిదా అంటోంది."

రాజన్న తికమకపడి చుట్టూ చూశాడు. కొండ లేదు, రైలు గేటు ఉంది అన్నాడు. నాయనమ్మ సంతోషంతో కేక వేసింది. హైఫా పోయే రైలు మార్గం పక్కన తన మేనత్తను ఇచ్చిన ఊరు ఉందట. అక్కడ కూడా గేటు ఉండేదట. నువ్వు ఎవరి కొడుకువి, మీ బావి దగ్గర అత్తి చెట్టు ఇంకా ఉందా అని వరసగా ప్రశ్నలు. తను హిందుస్తానీవాణ్ణని రాజన్న రెండుసార్లు చెప్పాడు. ఆవిడ నమ్మలేదు. మాట దొరికిపోయాక మనిషి దాక్కోలేడంది.

ఇరవై నిమిషాలు మాట్లాడుకున్నారు. మధ్యలో ఫారిస్ చెప్పడం మానేశాడు. నేను అడగలేదు. మిరపకాయల పక్కన గోడకు ఆనుకుని, ఎండ ముఖం మీద పడుతుంటే కళ్ళు మూసుకుని విన్నాడు. వాడి ఎదురుగా ఇద్దరు ముసలివాళ్ళు వాడి పల్లె మాటలో మాట్లాడుకుంటున్నారు, అంతే.

కిందికి దిగాక అన్నాడు. "మేడం గారూ, ఇవాళ షేక్ రాడండి."

షేక్ రాని సాయంత్రం

సేఠ్ ఈ మాట విని కంగారుపడ్డాడు. "పోస్టరు మీద షేక్ అని ఉన్నది. జనం నన్ను అడుగుతరు గద బాబూ."

"నన్ను అడగమనండి" అన్నాడు ఫారిస్.

సేఠ్ నా వైపు చూశాడు. నేనేం చెప్పను. తెలుగులో తప్పులు దిద్దడమే నా పని, ఇది తప్పో ఒప్పో నాకే తెలియదు. చివరికి ఆయనే "సరే, చూద్దాం" అని దండం పెట్టుకున్నాడు.

నీలం చొక్కా, మామూలు ప్యాంటుతో ఫారిస్ స్టేజీ ఎక్కాడు. "నమస్కారమండి. నిన్న వచ్చిన షేక్ గారు మా చుట్టం కాదండి. నాకు ఒంటె లేదు. స్కూటర్ ఉంది, అది కూడా మా మేడం గారిది."

కొందరు నవ్వారు. తను ఎక్కడ పుట్టాడో చెప్పాడు. వెనకనుంచి ఎవరో "షేక్ ఏడి?" అన్నారు. ఒక కుటుంబం లేచి వెళ్ళిపోయింది. ఫారిస్ గొంతు కొంచెం వణికింది, మైకులో అది స్పష్టంగా తెలిసింది.

వాడు ఆపలేదు. వాళ్ళ నాన్న చిన్నప్పుడు శిబిరంలో సాయం కింద వచ్చిన పిండి సంచులతో నాయనమ్మ పైజామాలు కుట్టేదని చెప్పాడు. "మా నాన్న బడికి వెళ్తుంటే వెనక అచ్చు కనపడేదండి. నికర బరువు యాభై కిలోలు. అప్పుడు మా నాన్న బరువు పద్దెనిమిది."

ఆడవాళ్ళ వైపు నుంచి ఒక ముసలమ్మ పగలబడి నవ్వింది. "మాది యూరియా సంచి బిడ్డా" అంది. గని కార్మికుల వరసలన్నీ ఒక్కసారి నవ్వాయి. వాన కాలంలో యూరియా సంచి నెత్తిన కప్పుకుని బడికి పోయినవాళ్ళు అక్కడ సగం మంది ఉన్నారు. తమకు ఏ అచ్చు ఉండేదో ఒకరి తర్వాత ఒకరు చెప్పడం మొదలుపెట్టారు. వాళ్ళను ఆపడానికే ఫారిస్‌కు ఐదు నిమిషాలు పట్టింది. అప్పటికి వాడి గొంతు కుదుటపడింది.

తర్వాత రాజన్నను స్టేజీ మీదికి పిలిచాడు. ఇది వాళ్ళిద్దరూ మధ్యాహ్నం అనుకున్నది, నాకు కూడా చెప్పలేదు. రాజన్న లచ్చవ్వ శాలువా తలమీదుగా కప్పుకుని కుర్చీలో నాయనమ్మలా కూర్చున్నాడు. ఫారిస్ తెలుగులో అడిగితే రాజన్న అరబ్బీలో జవాబు చెప్పాలి, ఫారిస్ దాన్ని జనానికి తెలుగు చెయ్యాలి.

"సిత్తీ, నేను సినిమాల్లో నటిస్తున్నాను."

రాజన్న చేతులు తిప్పుతూ అరబ్బీలో చాలాసేపు తిట్టాడు.

"చాలా సంతోషం అంటోందండి" అన్నాడు ఫారిస్.

"గట్లనలే" అన్నాడు రాజన్న శాలువా తీసి. "బాంబులు పెట్టేటోనికి పిల్లనెవలిస్తరు అన్న."

హాలు మొత్తం నవ్వింది. లచ్చవ్వ కొంగు నోట్లో కుక్కుకుంది. ఇలా పావుగంట సాగింది. సేఠ్ కూడా తొడ మీద చరుచుకుంటూ నవ్వాడు.

చివర్లో ఫారిస్ ఒక ప్రశ్న అడిగాడు. అది అనుకున్నది కాదని రాజన్న తర్వాత నాతో చెప్పాడు. "సిత్తీ, మన ఊరికి ఎప్పుడు పోదాం?"

రాజన్న శాలువా సర్దుకున్నాడు. "హస్సా" అన్నాడు.

ఫారిస్ దాన్ని తెలుగు చెయ్యలేదు. మైకు పట్టుకుని అలాగే నిలబడ్డాడు. జనం ఎదురుచూశారు. చివరికి రాజన్నే జనం వైపు తిరిగి చెప్పాడు.

"ఇప్పుడే పోదాం అంటుంది ముసల్ది."

ఎవరూ నవ్వలేదు. కాసేపటికి యూరియా సంచి అన్న ముసలమ్మ చప్పట్లు మొదలుపెట్టింది.

విరూర్

మూడో రోజు తిరుగు ప్రయాణంలో రాజన్న, లచ్చవ్వ మాతోపాటే బండెక్కారు. దారిలో విరూర్‌లో లచ్చవ్వ తల్లి ఉంటుంది. దిగి చూసి తర్వాతి బండికి వెళ్ళమన్నారు. దిగాం.

నర్సవ్వకు ఎనభై దాటాయి. బర్రెకు గడ్డి వేస్తూనే మాట్లాడింది. ఆవిడ చిన్నప్పుడు ఆ ఊరు నిజాం రాజ్యంలో, ఆదిలాబాద్ జిల్లాలో ఉండేది. భాషల లెక్కన రాష్ట్రాలు చేసినప్పుడు అవతలికి, మరాఠీ రాష్ట్రంలోకి పోయింది.

"మా అవ్వగారిల్లు సిర్పూర్ల ఉండె. ఒక దినం చూస్తే అది వేరే రాష్ట్రమన్నరు. ఇప్పుడు మల్ల అది ఇంకో రాష్ట్రమాయెనంట. నేనైతే గీ కొట్టంలనే ఉన్న."

"మీకు ఏమీ అనిపించలేదా అండి?" అని అడిగాడు ఫారిస్.

"అనిపిస్తే ఏం జేస్తం బిడ్డా, బర్లున్నయి గద. పాలు పిండాలె."

ఫారిస్ చాలాసేపు నవ్వాడు. తర్వాత గంప అందుకుని ఆవిడకు గడ్డి వేయించాడు. బర్రె వాడి నీలం చొక్కా చెయ్యి మొత్తం నాకింది.

స్టేషన్‌లో రాజన్న వాణ్ణి అరబ్బులు చేసినట్టు రెండు బుగ్గల మీదా ముద్దు పెట్టుకున్నాడు. ప్లాట్‌ఫాం మీద పత్తి మూటల దగ్గర కూర్చున్నవాళ్ళు తలలు తిప్పి చూశారు. రాజన్న పట్టించుకోలేదు. లచ్చవ్వ నా చేతిలో జొన్న రొట్టెల మూట పెట్టి, "మల్ల రా చెల్లె" అంది.

వచ్చాక

హైదరాబాద్ చేరిన మర్నాడు నా ఫారం నింపేశాను. సొంత జిల్లా గుంటూరు, కోరుకునే రాష్ట్రం తెలంగాణ. ఏం తేలుస్తారో ఇంకా తెలియదు.

ఫారిస్‌కు వీసా మళ్ళీ ఇవ్వలేదు. మార్చి చివర బీరూట్ వెళ్ళిపోయాడు. షేక్ అంగీ నా దగ్గరే వదిలేశాడు, బీరువాలో ఉంది. అక్కడ శిబిరంలో పిల్లలకు నాటకాలు నేర్పుతున్నాడట. వాళ్ళలో ఇద్దరికి "ఏమండీ బాగున్నారా" అనడం వచ్చని రాశాడు.

రాజన్న వారానికోసారి నాకు ఫోన్ చేస్తాడు. నాయనమ్మతో మాట్లాడాక చేస్తాడు, ఆమె ఏమందో నాకు చెప్పడానికి. ఆయన హిందుస్తానీవాడంటే ఆవిడ ఇప్పటికీ ఒప్పుకోవడం లేదు. కానీ ఆయన కోసం ఒక పని నెత్తిన వేసుకుంది. శిబిరంలో ఆడవాళ్ళను, అమ్మాన్‌లో బంధువులను, పెళ్ళిళ్ళలో కలిసినవాళ్ళను, కువైట్‌లో ఫోర్‌మన్‌గా చేసిన అబూ ఖలీల్ ఎవరైనా ఉన్నాడా అని వాకబు చేస్తోంది. ఇప్పటికి ముగ్గురు దొరికారు. ఒకాయన కువైట్‌లో లారీ నడిపాడు, ఒకాయన బడిపంతులు, ఒకాయన అసలు కువైటే పోలేదు. ముగ్గురితోనూ రాజన్న మాట్లాడాడు.

"ఎవలు గూడ ఆయన గాదు మేడం" అన్నాడు పోయిన ఆదివారం. మళ్ళీ తనే, "గని ముగ్గురు మంచోల్లే" అన్నాడు.